మంగళవారం మేడమ్ కొలతలు

“వచ్చే మంగళవారం నేను చచ్చిపోవాలి. ఆలోపు ఈ గౌను సరిచేసి ఇస్తావా?”

ఆవిడ నాతో అన్న మొదటి మాట ఇది. 2002లో, చలికాలం. న్యూయార్క్ దగ్గర పార్సిప్పనీలో ఒక డ్రై క్లీనింగ్ షాపు వెనక మూల నేను మిషను వేసుకుని కూర్చునేవాణ్ణి. ముందు కౌంటరు షాపువాళ్ళది. వెనక మూల, నిలువుటద్దం, బట్టలు మార్చుకోవడానికి కట్టిన తెర నావి. మేం అమెరికా వచ్చి అప్పటికి ఏడాది. మా బావమరిది స్పాన్సర్ చేస్తే వచ్చాం గానీ, చుట్టుపక్కల అపార్ట్‌మెంట్లలో ఉన్న మనవాళ్ళలాగా నాకు కంప్యూటరు రాదు, ఇంగ్లీషూ అంతంతమాత్రమే. ఎనిమిదో తరగతిలో లెక్కల మేష్టారు నన్ను బెంచీ ఎక్కించాడు. నేను దిగి, తిన్నగా బజారులో దర్జీ దగ్గరికెళ్ళి కూర్చున్నాను. మళ్ళీ బడి మొహం చూళ్ళేదు. అందుకని ఆవిడ మాట నేనే తప్పుగా విన్నానేమో అనుకున్నాను. ఆవిడ రెండోసారి చెప్పింది. విన్నది సరైనదే.

“మంగళవారం ఎన్నింటికి మేడమ్?” అన్నాను. నా నోరు ఊరుకోదు.

“మధ్యాహ్నం భోజనం అయ్యాక. ముందే చంపేస్తే భోజనం పెట్టకుండా ఇంటికి పంపించేస్తారు.”

టీవీ నటి అని అప్పుడు చెప్పింది. యాభై దాటిన మనిషి, బస్సులో న్యూయార్క్ వెళ్ళి షూటింగులు చేసుకుని వచ్చేది. మా షాపుకి రెండు వీధుల అవతల ఒంటరిగా ఉండేది. ఎప్పుడూ ఇంగ్లీషులోనే మాట్లాడేది. నేను సగం చెవులతో, సగం ఆవిడ చేతులు చూసి అర్థం చేసుకునేవాణ్ణి. ఇక్కడ అన్నీ తెలుగులో రాసేస్తున్నాను. తప్పు పట్టడానికి ఆవిడ లేదు.

“ఇది నా సొంత గౌను. చిన్న వేషాలకి బట్టలు మనమే తెచ్చుకోవాలి. హోటల్లో సూపు తాగుతూ కుర్చీలోంచి పడిపోతాను. అయిదారుసార్లు పడమంటారు. చిరక్కూడదు, మోకాళ్ళు కనపడకూడదు.”

పక్క కుట్లు విప్పి రెండువైపులా అతుకు వేశాను. కింద అంచులో సన్నటి గొలుసు పెట్టి కుట్టాను, ఆ బరువుకి గౌను పైకి లేవకుండా. శనివారం వచ్చి వేసుకుంది. “పడి చూపించండి మేడమ్,” అన్నాను తమాషాకి. ఆవిడ నా వంక ఒక చూపు చూసి, గొంతు పట్టుకుని, ఇస్త్రీ బల్ల అంచు అందుకోబోయి, అందక, నిలువునా నేలమీద పడింది. కళ్ళు తెరిచే ఉన్నాయి. రెప్ప వేయలేదు.

సరిగ్గా అప్పుడే బ్లౌజుల సంచీ పట్టుకుని ఒక తెలుగమ్మాయి లోపలికొచ్చింది.

“అయ్యో అంకుల్! ఏమైంది ఈమెకి? 911కి కాల్ చేయనా?”

“ఆగమ్మా. మోకాళ్ళు కనపడుతున్నాయా, చూసి చెప్పు.”

“అంకుల్!”

“కనపడట్లేదుగా? హమ్మయ్య. ఇక లేవండి మేడమ్.”

శవం లేచి కూర్చుని ఆ అమ్మాయికి హలో చెప్పింది. ఆ అమ్మాయి సంచీ అక్కడే పడేసి కార్‌లోకి పరిగెత్తింది. బ్లౌజులు తీసుకెళ్ళడానికి వాళ్ళాయన వచ్చాడు. అతనూ గుమ్మం దగ్గరే నిలబడ్డాడు.

ఇక్కడివాళ్ళ పేర్లు నాకు నోరు తిరగవు గనుక నా కొలతల పుస్తకంలో అందరికీ నేనే పేర్లు పెట్టుకునేవాణ్ణి. గోధుమరంగు కోటు. కుక్కపిల్ల తాత. ఎప్పుడూ తొందర. ఆవిడ పేజీ మీద ‘మంగళవారం మేడమ్’ అని రాశాను. ఛాతీ నలభై, నడుము ముప్పై అయిదు.

మనవైపు జాకెట్టు కుట్టేటప్పుడు లోపల రెండించుల గుడ్డ వదులుతాం కదా, మనిషి లావైతే విప్పుకోవడానికి. గుడ్డ కోసి పారేసినందుకు ఒకసారి మా గురువు నా చెవి మెలేశాడు. ఆ చెవి ఇప్పటికీ నాకు గుర్తు చేస్తుంది. ఇక్కడ షాపుల్లో మిషనే అంచు కోసేస్తుంది. నేను కోయను. మడుస్తాను. ఆవిడ ఒకరోజు తన బూడిదరంగు స్కర్టు తిరగేసి చూసి, “ఇదంతా ఎందుకు లోపల దాచావు?” అంది.

“రేపు మీరు లావైతే?”

“ఒక నటితో అనే మాటేనా ఇది?”

“మా ఆవిడతో రోజూ అంటాను మేడమ్. ఇంకా బతికే ఉన్నాను.”

కానీ నా పాత అలవాటు ఆవిడ వృత్తికి అతికినట్టు సరిపోయింది. ఆ బూడిదరంగు సూటు ఒక్కటే. భుజాలు ఎత్తి, నడుము బిగిస్తే జడ్జి. భుజాలు దించేసి, నడుము వదులు చేసి, ఒక గుండీ వేలాడేలా కుడితే మొగుడు పోయిన మనిషి. కాలరు తీసేస్తే స్కూలు ప్రిన్సిపాలు. నా చేతికింద ఆ సూటు ఎన్నిసార్లు విప్పి కుట్టించుకుందో లెక్కలేదు. చిరగలేదు.

మా ఆవిడకి మేడమ్ పిచ్చి పట్టింది. ఎప్పుడు ఏ చానెల్లో వస్తుందో మేడమ్ కాగితం మీద రాసి ఇచ్చేది, మా ఆవిడ ఫ్రిజ్‌కి అంటించేది.

“ఏమండోయ్, మీ మంగళవారం మేడమ్ మళ్ళీ పోయింది!”

“ఈసారి ఎట్లా?”

“కారు గుద్దింది. పోయినసారి విషం కంటే ఇదే బాగుంది.”

రెండ్రోజుల తర్వాత ఇంకో చానెల్లో, “ఏందండీ ఇది, మొన్ననే గదా చచ్చింది, ఇవాళ ఎవడికో శిక్ష వేస్తోంది!” అని కేక పెట్టేది. నర్సు, దొంగసొత్తు దాచే ముసలమ్మ, పక్కింట్లో కేకలు విన్నానని పోలీసులకి చెప్పే మనిషి, హంతకుడి తల్లి. ఆ హంతకుడి తల్లికి ఒక్క మాట కూడా లేదు. కోర్టులో కూర్చుని, ఒడిలో ఉన్న కొడుకు చొక్కాని మడతపెట్టి, మళ్ళీ విప్పి, మళ్ళీ మడతపెట్టింది. అంతే. మా ఆవిడ గరిటె పట్టుకుని అలాగే నిలబడిపోయింది, కూర మాడింది. మొహం చూసి మేడమ్‌ని నేను ఎప్పుడూ గుర్తుపట్టలేకపోయేవాణ్ణి. నా కుట్టు చూసి గుర్తుపట్టేవాణ్ణి.

ఒకసారి పాతకాలం కథలో ఆవిడకి దర్జీ వేషం వచ్చింది. సూదిలో దారం ఎక్కించడానికి ఎడమ కన్ను మూసి, దారం కొస పెదాలతో తడిపి, మెడ ఒక పక్కకి వాల్చింది. నేను సోఫాలోంచి లేచిపోయాను.

“అది నా మెడ!”

“మీ కన్ను కూడా,” అంది మా ఆవిడ. “నాలుగేళ్ళ నుంచి మీ ఎదురుగా కూర్చుని ఆమె మిమ్మల్నే కుట్టుకుపోయింది, మీకు తెలీలేదు.”

ఆ తర్వాత బేకరీ సీరియల్ వచ్చింది. ఆవిడకి మొదటిసారి వారం వారం వచ్చే వేషం అదే. బేకరీ నడిపే నోటిదురుసు మనిషి. రెండేళ్ళు సాగింది. బస్సులో జనం గుర్తుపట్టి పలకరించేవాళ్ళు. ఆ రెండేళ్ళూ సెట్లో పెట్టిన కేకులన్నీ తినేసిందో ఏమో, నడుము ముప్పై ఏడుకొచ్చింది. నేను దాచిన గుడ్డంతా విప్పాను. “చూశారా? దాచినందుకు పనికొచ్చిందా లేదా?” అంటే, నా బుగ్గ గిల్లింది. తర్వాత ఆ సీరియల్ ఆపేశారు. ఎందుకో చెప్పలేదు. ఆవిడా అడగలేదట.

అక్కణ్ణుంచి వేషాలు పలచబడ్డాయి. ఒక ఏడాదంతా కలిపి రెండే రోజుల పని. నా దగ్గరికి రావడం కూడా తగ్గింది. వచ్చినప్పుడల్లా ఒకటే కోరిక, బిగించమని.

ముప్పై అయిదు. ముప్పై మూడు.

“ఆ రెండించులూ ఎవరికిచ్చారు మేడమ్? మా ఆవిడ తీసుకున్నట్టుంది.”

ఆవిడ నవ్వింది. “ఒక వేషం కోసం తగ్గుతున్నాను,” అంది.

ఆ మాట నేను నమ్మాను. పదేళ్ళుగా ఆ మనిషి ఒంటిమీద జరిగేదంతా ఏదో ఒక వేషం కోసమే. ఎండాకాలం వచ్చేసరికి టేపు ముప్పై ఒకటి చూపించింది. చుట్టూ తిప్పుతుంటే వేళ్ళకి పక్కటెముకలు తగిలాయి. నేను పుస్తకంలో తేదీ వేసి, అంకె రాసి, పక్కన చిన్న అక్షరాలతో ‘వేషం కోసం’ అని రాసుకున్నాను. గుడ్డ లోపలికి మడిచాను. అంత గుడ్డ మడిచినా పైకి ముడత కనపడకుండా కుట్టినందుకు కొంచెం మురిసిపోయాను కూడా.

ఆ రోజు మా ఆవిడ చీరలకి ఫాల్స్ కుట్టడానికి షాపులో ఉంది. మేడమ్ వెళ్ళాక అంది, “అది తగ్గడం కాదండీ.”

“మరేంటి?”

“మా పెద్దమ్మ ఇట్లాగే అయింది. కుడిపక్కన చెయ్యి పెట్టుకుని నిలబడేది. చూశారా ఆమె ఎట్లా నిలబడిందో?”

“నువ్వు టీవీ చూసీ చూసీ అందరికీ రోగాలు అంటగడుతున్నావు.”

“అడగండి ఒకసారి. ఒంట్లో ఎట్లా ఉందని.”

“అడుగుతాలే.”

“జోకు వేయకుండా అడగండి.”

అది చెప్పినంత తేలిక కాదు నాకు. రెండు నెలలు పట్టింది. ఆవిడ మళ్ళీ వచ్చింది ఆకులు రాలే రోజుల్లో. కొలత తీయడానికి టేపు మెడలోంచి తీశాను, మళ్ళీ మెడలోనే వేసుకుని, “మేడమ్, ఒంట్లో ఎలా ఉంది?” అన్నాను. అంతే. వెనకాల జోకు తోక ఏమీ లేదు. నా నోట అలాంటి మాట ఎప్పుడూ వినలేదు గనుక ఆవిడ అద్దంలో నా వంక చాలాసేపు చూసింది. తర్వాత ఇస్త్రీ బల్ల పక్కన స్టూలు మీద కూర్చుంది.

బాగా లేదని చెప్పింది. ఏడాదిగా బాగా లేదు. డాక్టర్ దగ్గరికి వెళ్ళలేదు. వాళ్ళ యూనియన్ ఇన్సూరెన్స్‌కి ఏడాదిలో ఇంత పని అని చేసి ఉండాలి, బేకరీ ఆగిపోయాక అంత పని దొరకలేదు, ఆ ఇన్సూరెన్స్ కార్డు రద్దయింది.

“ఇప్పుడు డాక్టర్ దగ్గరికెళ్తే జబ్బు పేరు కాగితం మీద రాస్తాడు. కాగితం మీద పడ్డాక బయట ఏ కంపెనీ నన్ను తీసుకోదు. యూనియన్ కార్డు ఒక్కటే ముందున్న జబ్బుల గురించి అడగదు. ఒక వేషం ఉంది. ఎనిమిది రోజుల పని. అది దొరికితే వసంతానికి కార్డు వచ్చేస్తుంది.”

“ఏం వేషం మేడమ్?”

“అమ్మమ్మ. నవ్వుతూ, లావుగా, ఇంటిల్లిపాదికీ వండిపెట్టే మనిషి. వాళ్ళకి నేను బేకరీలో ఉన్నట్టే గుర్తున్నాను. నన్ను మళ్ళీ అలా చేయగలవా?”

ఇప్పుడు ఎన్నిసార్లు తలుచుకున్నా, అప్పుడు నేను చెప్పాల్సిన మాట ఒకటే. ముందు డాక్టర్ దగ్గరికి వెళ్ళండి, కాగితం సంగతి తర్వాత చూద్దాం. నేను చెప్పలేదు. నా బుర్రలోకి అప్పటికే పని దూరింది. దూది వేస్తే గడ్డలు కడుతుంది, స్పాంజి అయితే లైట్ల వేడికి ఉడికిపోతుంది, కూర్చుంటే పొట్ట కిందికి జారాలి, ఎలా జారించడం? పుస్తకం తీసి బేకరీ నాటి పేజీ చూపించి, “కొలతలన్నీ ఉన్నాయి మేడమ్,” అన్నాను గర్వంగా.

మా అమ్మ బొంత కుట్టినట్టు పొర మీద పొర వేసి మెత్తటి నూలుగుడ్డతో లోపలి బనియను కుట్టాను. పొట్ట దగ్గర సన్నటి సంచీ కుట్టి, ఇండియన్ స్టోర్ నుంచి తెచ్చిన ఆవాలు పోశాను. నిలబడితే పొట్ట నిండుగా ఉంటుంది, కూర్చుంటే ఒడిలోకి దిగుతుంది, నవ్వితే కదులుతుంది. అంత మంచి పని నా జన్మలో చేయలేదు. ఆవిడ వేసుకుని అద్దం ముందు నిలబడి నవ్వింది. రెండేళ్ళ కిందటి మనిషి అద్దంలో ప్రత్యక్షమైంది.

మా ఆవిడ ఇంట్లో నాతో ఆ పూట మాట్లాడలేదు. గిన్నెలు మాత్రం బాగా మాట్లాడాయి.

ఆడిషన్ అయ్యాక మేడమ్ తిన్నగా షాపుకే వచ్చింది. నవ్వాపుకోలేక స్టూలు మీద కూలబడింది. అదే ఆఫీసులో ఇంకో కథకి చావుబతుకుల్లో ఉన్న రోగి వేషానికి కూడా చూస్తున్నారట. అది కూడా చేస్తానని అడిగిందట. “మీరు మరీ ఆరోగ్యంగా ఉన్నారన్నారు!” అని బల్ల చరిచింది. నేనూ పగలబడి నవ్వాను. ఇద్దరం కళ్ళు తుడుచుకున్నాం. కళ్ళు తుడుచుకుంటూ ఆవిడ చెయ్యి కుడిపక్కకి వెళ్ళడం చూసి నేను ఆపేశాను.

అమ్మమ్మ వేషం దొరికింది. షూటింగు ముందు బట్టలు కొలిచే మనిషికి దొరికిపోతామని నాకు భయం. ఆ కాస్ట్యూమ్ మనిషి ఆవిడ పక్కటెముకల మీద చెయ్యి వేసి ఆగిపోయిందట. నా కుట్టు మీద వేళ్ళతో తడిమి చూసిందట. తర్వాత, “ఇది ఎవరు కుట్టారు? బాగా కుట్టారు,” అని, అమ్మమ్మ గౌను తెచ్చి తొడిగిందట. మేడమ్ ఈ మాట చెప్పినప్పుడు నాకు ఎంత సంతోషమేసిందో. ఆ మనిషీ నాలాగే పని మెచ్చుకుని ఊరుకుంది.

ఆ ఎనిమిది రోజులూ సాయంత్రం బస్సు దిగి మా షాపు మీదుగానే ఇంటికి వెళ్ళేది. లైట్ల కింద వంటింటి సెట్టు, లోపల నా బొంత, పైన గౌను, ఆ పైన ఏప్రాను. చెమటకి బనియను తడిసి బరువెక్కేది. నేను ఆరబెట్టి, మర్నాడు పొద్దున్నే బిగించి ఇచ్చేవాణ్ణి. మూడో రోజుకి బనియను లోపల వదులైంది. ఒక పొర వేశాను. ఆరో రోజుకి ఇంకో పొర. లోపలి మనిషి తగ్గుతోంది, నేను పొరలు వేస్తున్నాను. పైన కొలత మాత్రం ఒక్క గీత కూడా కదల్లేదు.

వసంతంలో కార్డు వచ్చింది. తెచ్చి నా ఇస్త్రీ బల్ల మీద పెట్టి చూపించింది. నేను దానికి దణ్ణం పెట్టాను, ఆవిడ కూడా నన్ను చూసి పెట్టింది. వారంలో డాక్టర్ దగ్గరికి వెళ్ళింది. పరీక్షలన్నీ అయ్యాక ఒకరోజు వచ్చి, కోటు కూడా విప్పకుండా, గుమ్మం దగ్గరే నిలబడి చెప్పింది.

“పోయిన ఎండాకాలం వచ్చి ఉంటే ఆపరేషన్ చేసేవాళ్ళమన్నాడు.”

ఆ మాట ఏ వేషంలోనూ లేనట్టు చెప్పింది. చేతులు కదల్లేదు. ఆవిడ వెళ్ళాక నేను పుస్తకం తీశాను. పోయిన ఎండాకాలం. తేదీ ఉంది. నడుము ముప్పై ఒకటి. పక్కన నా చేతిరాత, ‘వేషం కోసం’. డాక్టర్‌కి కావలసిన కాగితం ఏడాదిగా నా సొరుగులో ఉంది.

 

అమ్మమ్మ ఎపిసోడ్లు ఆ వేసవిలో వచ్చాయి. మొదటిది చూడటానికి మమ్మల్ని ఇంటికి పిలిచింది. మా ఆవిడ పలచగా పెసరకట్టు చేసి తీసుకొచ్చింది. మేడమ్ రెండు చెంచాలు తాగి గిన్నె పక్కన పెట్టింది. టీవీలో ఆవిడ పెద్ద గిన్నె ఎత్తుకుని బల్ల చుట్టూ తిరుగుతోంది, మనవణ్ణి గరిటెతో కొడతానని బెదిరిస్తోంది, పొట్ట పట్టుకుని నవ్వుతోంది. ఇక్కడ కుర్చీలో దుప్పటి కప్పుకుని ఆవిడే చూస్తోంది. నేను ఎటు చూడాలో తెలీక గోడ గడియారం చూశాను.

“కూర్చున్నప్పుడు పొట్ట బాగా దిగింది,” అంది.

“ఆవాలు మేడమ్.”

ఫోను మోగింది. ఎవరో పాత స్నేహితురాలు. ఇటు వినపడేంత గట్టిగా అంటోంది, ఎంత బాగున్నావో, ఎంత ఆరోగ్యంగా ఉన్నావో అని. “థాంక్యూ,” అంది మేడమ్. “మంచి దర్జీ దొరికాడు.” మా ఆవిడ గిన్నె తీసుకుని వంటింట్లోకి వెళ్ళిపోయింది, చాలాసేపు కొళాయి తిప్పి ఉంచింది.

ఆ నెలాఖరున నన్ను రమ్మని కబురు పెట్టింది. మంచం మీద ముదురు నీలం గౌను పరిచి ఉంది.

“ఇది టీవీకి కాదు,” అంది.

“తెలుసు మేడమ్.” ఇక్కడ పోయినవాళ్ళకి మంచి బట్టలు తొడిగి పెట్టెలో పడుకోబెడతారు.

“పొరలొద్దు. ఆవాలొద్దు. నేను ఎంత ఉంటే అంతకే కుట్టు. ఇంకో మాట. ఈసారి గుడ్డ కత్తిరించెయ్యి. లోపల దాచొద్దు. ఇక లావయ్యేది లేదు.”

కొలత తీశాను. ఆ అంకె పుస్తకంలో రాయలేదు. షాపుకొచ్చి గౌను తిరగేసి, సుద్దతో గీత గీసి, కత్తెర తీశాను. కత్తెర పక్కన పెట్టాను. మళ్ళీ తీశాను. చివరికి మడిచి కుట్టేశాను. రెండు వైపులా మూడేసి ఇంచులు, పైకి కనపడకుండా, నాకు తెలిసినంత సన్నటి కుట్టుతో.

తీసుకెళ్ళి ఇస్తే ఆవిడ మంచం మీదే ఉండి గౌనుని ఒడిలోకి లాక్కుంది. పక్క కుట్టు వెంబడి బొటనవేలు పోనిచ్చింది. పదేళ్ళు నా కుట్టు వేసుకు తిరిగిన మనిషి.

“కత్తిరించావా?”

“కత్తిరించాను మేడమ్.”

బొటనవేలు ఆ మడత మీదే ఉంది. నా మొహంలోకి చూసి చాలా రోజుల తర్వాత నవ్వింది.

“నువ్వు నటనకి పనికిరావు,” అంది.

గౌను అలాగే ఉంచుకుంది. ఆవిడ పోయింది మంగళవారం కాదు, శుక్రవారం. మధ్యాహ్నం భోజనానికి ముందే.